అటకమీది పెట్టె

పాత ఇల్లు పడగొట్టాలంటే ముందు అటక ఖాళీ చెయ్యాలి. మా అవనిగడ్డలో, మా వీధి చివరనున్న పెంకుటింటికి ఆ మధ్య ఆ ముహూర్తం వచ్చింది. మేస్త్రీ గునపం పట్టుకుని సిద్ధంగా ఉన్నాడు. పాత కాగితాలు కొనేవాడు తక్కెడతో సహా వచ్చి అరుగుమీద కూర్చున్నాడు. ఇంటావిడ మాత్రం నాకు కబురు పంపారు.

“మాస్టారూ, పెట్టెనిండా పుస్తకాలున్నాయి. తూకానికి ఇచ్చెయ్యమంటున్నాడు మావాడు. మీరొకసారి చూసి పనికిరావంటే అలాగే ఇచ్చేస్తాను” అన్నారావిడ.

“పనికిరావు” అనే మాట చెప్పడానికి నాకంటే తగినవాడు ఈ సీమలో దొరకడనుకోండి. ఎందుకంటే ఆ మాట నేను ఒకసారి చెప్పి ఉన్నాను. నాకప్పుడు పదేళ్ళు. మా తాతగారు పోయిన ఏడాది, ఇంట్లో ఉన్న రెండు తాటాకు కట్టలను ఏం చెయ్యాలన్న ప్రశ్న వచ్చింది. ఆ అక్షరాలు చదవగలిగినవారు ఇంట్లో లేరు. చదవలేనిదాన్ని చెత్తలో వెయ్యడం పాపం కనుక, కార్తీకమాసంలో కాలవలో వదిలెయ్యడం మంచిదని పెద్దలు తేల్చారు. వదిలింది నేనే. ఒక కట్ట వెంటనే మునిగింది. రెండోది తాడు విడిపోయి, ఆకులు ఒక్కొక్కటే విడివడి చాలా దూరం తేలుతూ పోయింది. అది చూసి నేను చప్పట్లు కొట్టాను. ఆ ఆకులమీద ఉన్నది భారతమో, వైద్యమో, పొలం లెక్కలో నాకీనాటికీ తెలియదు. ఇక తెలియదు కూడా.

అందుచేత ఆవిడ కబురు అందగానే చెప్పుల్లో కాళ్ళు పెట్టాను.

పెట్టె టేకుది. మూత తియ్యగానే బొద్దింకల వాసన, పాత కర్పూరం వాసన కలిసి వచ్చాయి. పైన పంచాంగాలు. వాటికింద వారపత్రికలలోంచి చింపి, దారంతో కుట్టుకున్న సీరియల్ నవలలు. ఇంకా కింద అట్టలు ఊడిన పుస్తకాలు ఓ పాతిక. అన్నిటికీ అడుగున, పాత చీరముక్కలో చుట్టిన తాటాకు కట్ట ఒకటి. పుస్తకాలన్నీ ఒకే తీరున ఉబ్బి, అంచులు అలలు తిరిగి ఉన్నాయి.

“ఇవి తడిశాయే!” అన్నాను.

“తుపాను నాడు” అన్నారావిడ.

మా సీమలో తుపాను అంటే ఏ తుపానని ఎవరూ అడగరు. 1977 నవంబరు 19. ఉప్పెన సముద్రపుటొడ్డు ఊళ్ళను తుడిచిపెట్టింది. పదివేలమంది పోయారని లెక్క చెప్పారు. అంతకంటే ఎక్కువేనని ఇక్కడివాళ్ళం అంటాం. అవనిగడ్డలో ఆ ఇంటి పెంకులు గాలికి ఎగిరిపోయి, రాత్రంతా వాన అటకమీదే కురిసిందట. అప్పటికి ఆవిడ కొత్తకోడలు. “మా అత్తగారు అక్షరం ముక్క ఎరగరు మాస్టారూ. అయినా ఒక్కొక్క పుస్తకమే విప్పి, ఆకు ఆకు మధ్య పొడిగుడ్డ పెట్టి, వసారాలో నీడనే ఆరబెట్టారు. ఎండలో పెడితే గట్టిపడి విరిగిపోతాయని ఆవిడకెవరు చెప్పారో!”

తడిసిన పుస్తకానికి నేటి గ్రంథాలయాలవారు చెప్పే వైద్యం కూడా సరిగ్గా అదే. ఎండ పనికిరాదు. నీడ, గాలి, ఆకుల మధ్య పొడి కాగితం, ఓపిక, అంతే.

ఇంతలో హైదరాబాదునుంచి కుమారరత్నం ఫోను. నా దగ్గర ఎనిమిదో తరగతి చదివినవాడే. “నమస్కారం మాస్టారూ! ఏమైనా పలుకుతాయా?” అని అడిగాడు.

పాత పుస్తకం చూడగానే అందరూ అడిగే ప్రశ్న ఇదే కనుక జవాబు ఇక్కడే చెబుతాను. పాతదైనంత మాత్రాన పుస్తకం అరుదైనది కాదు. మనుచరిత్రో, భాగవతమో నూరేళ్ళనాటి ప్రతి మీ ఇంట్లో ఉంటే సంతోషమే గాని, అలాంటివి ఇంకా ఎన్నో ఇళ్ళలో, గ్రంథాలయాల్లో ఉన్నాయి. మీ తాతగారి స్నేహితుడెవరో సొంత ఖర్చుతో అచ్చు వేయించి పెళ్ళిలో పంచిన నలభై పేజీల శతకం ఉన్నదే, దానికి రెండో ప్రతి ఎక్కడా లేకపోవచ్చు. పెద్ద పుస్తకాన్ని కాపాడడానికి లోకమంతా ఉంది. చిన్న పుస్తకానికి మీ అటక ఒక్కటే దిక్కు.

ఈ మాట తెలిసిన మహానుభావుడు మాకు పక్క ఊరివాడే. వేటూరి ప్రభాకరశాస్త్రిగారు 1888లో పెదకళ్ళేపల్లిలో పుట్టారు. బందరులో చెళ్ళపిళ్ళవారి శిష్యరికం చేసి, మద్రాసు ప్రాచ్యలిఖిత పుస్తక భాండాగారంలో చేరి, తాటాకుల మధ్యే జీవితం గడిపారు. జనం నోళ్ళలో నలుగుతున్న చాటుపద్యాలను ఏరి మణిమంజరి కట్టారు. అసలు గ్రంథాలు దొరక్క, ఎక్కడో ఒకటి రెండు పద్యాలు మాత్రం మిగిలిన కావ్యాలనుంచి ఆ పద్యాలను కూర్చి 1918లో ‘ప్రబంధరత్నావళి’ అచ్చువేశారు. ఆ పుస్తకం తిరగేస్తుంటే నాకు మా కాలవ గుర్తుకొస్తుంది. ఎంతమంది కవులకు మిగిలింది ఆ రెండు పద్యాలే! తరవాత తిరుపతిలో అన్నమయ్య పాటల రాగిరేకులమీద పనిచేసి, 1950లో కన్నుమూశారు.

ఆయనకు ముందు బ్రౌను దొర. 1820లలో బందరులో కుంపిణీ ఉద్యోగం చేస్తూ వేమన పద్యాల ప్రతులు పోగుచెయ్యడం మొదలుపెట్టాడు. 1829లో వాటిని అచ్చుకెక్కించాడు. ఊరూరా ప్రతులు తెప్పించి, పండితులకు జీతాలిచ్చి, ఒక ప్రతిని ఇంకొక ప్రతితో పోల్చి చూపించాడు. పోల్చడానికి ఒక్క ప్రతి చాలదు, చెడ్డ ప్రతి అయినా రెండోది కావాలి. అందుకే అట్ట లేదని, మధ్యలో నాలుగు పుటలు పోయాయని పుస్తకాన్ని పారెయ్యకూడదు. మీ దగ్గర లేని నాలుగు పుటలు ఇంకొకరి దగ్గర ఉంటాయి. వారి దగ్గర లేనివి మీ దగ్గర ఉంటాయి.

సరే, అరుగుమీద తక్కెడవాడు ఆవలిస్తున్నాడు. నేను పుస్తకాలు ఒక్కొక్కటే చూడడం మొదలుపెట్టాను. అందులో ఒకటి మా ప్రాంతపు కవి ఎవరో రాసిన చిన్న శతకం. కవిగారి పేరు మీరూ నేనూ విన్నది కాదు. ముఖపత్రం లేదు. ఎప్పటిది?

ఇటువంటిచోట పరిశోధకుడు పోలీసువాడి పని చెయ్యాలి. పీఠిక చివర “సాధారణ నామ సంవత్సరం” అని ఉంది. మన సంవత్సరాలు అరవై ఏళ్ళకొకసారి తిరిగి వస్తాయి గదా! ప్రభవ 1867లో, 1927లో, 1987లో వచ్చింది. ప్రభవనుంచి వేళ్ళమీద లెక్కిస్తే సాధారణ నలభై నాలుగోది. అంటే పుస్తకం 1850దైనా కావాలి, 1910దైనా కావాలి, 1970దైనా కావాలి. వెనక అట్ట అదృష్టవశాత్తూ మిగిలింది. దానిమీద వెల నాలుగణాలు. 1957 ఏప్రిల్ నుంచి నయాపైసలొచ్చాయి కనుక 1970 కొట్టుకుపోయింది. అదే అట్టమీద బందరు కృష్ణాపత్రికకు చందాదారులుగా చేరమని ప్రకటన ఉంది. కృష్ణాపత్రిక పుట్టింది 1902లో. కనుక 1850 కూడా పోయింది. మిగిలింది 1910. ముద్దాయి దొరికాడు!

పుస్తకాన్ని నమోదు చెయ్యడం అంటే ఇంతే. ఒక నోటుబుక్కు తీసుకోండి. పుస్తకం పేరు, రాసినవారు, అచ్చయిన ఊరు, ముద్రాక్షరశాల, సంవత్సరం, ఎన్నో కూర్పు, వెల, పుటలు ఎన్ని, అందులో పోయినవి ఏవి — ఇవి రాయండి. శకం వేసి ఉంటే 78 కలపండి, క్రీస్తు సంవత్సరం వస్తుంది. అరసున్నలు, బండి రలు, వలపలగిలకలు ఉంటే అదీ గుర్తు పెట్టండి. అచ్చు కాలం చెప్పడానికి అవి సాక్ష్యం. ఆఖరున, పుస్తకంమీద చేతిరాత, రబ్బరు ముద్ర ఏది ఉన్నా చెరపకుండా ఉన్నదున్నట్టు ఎత్తి రాయండి. 1935లో పాతూరి నాగభూషణంగారి పూనికతో కృష్ణ అవతలి ఒడ్డున కాలవ పడవలమీద గ్రంథాలయాలు తిరిగాయి. అటువంటి చరిత్రకు ముద్రలే గుర్తులు.

తాటాకు కట్టకు ముఖపత్రం ఉండదు. దాని ఊరూ పేరూ చివరి ఆకుమీద వెతకాలి. గ్రంథం పేరు, రాసినవాడి పేరు, ముగించిన తిథి అక్కడే ఉంటాయి. నూనెనుంచి, నీటినుంచి, వదులుకట్టునుంచి, మూర్ఖుడి చేతినుంచి దీన్ని కాపాడండని కూడా వెనకటి రాయసగాళ్ళు వేడుకునేవారు. నాలుగో శత్రువును తలుచుకుంటే నేను తల దించుకోవాలి. ఈ కట్టకు చివరి ఆకు లేదు. ఉన్నంతవరకు అది వైద్యమని మాత్రం పోల్చగలిగాను. శొంఠి, పిప్పళ్ళు కనబడ్డాయి.

“మనవడు అమెరికాలో గోడకు తగిలించుకుంటానంటున్నాడు మాస్టారూ, అద్దం కట్టించి” అన్నారావిడ.

అది కుదరదని చెప్పాను. 75 ఏళ్ళు దాటిన, చరిత్రకో సాహిత్యానికో పనికొచ్చే రాతప్రతి 1972 నాటి చట్టం ప్రకారం పురావస్తువు. మనం దాన్ని దేశం దాటించకూడదు. పైగా గోడకు కొట్టిన ఆకును చదివేదెవరు? దాన్ని ప్రాచ్యలిఖిత గ్రంథాలయానికి ఇస్తే నిమ్మగడ్డి నూనె పట్టించి, పేరు రాసి, నంబరు వేసి ఉంచుతారు. ఆ నంబరే దానికి ఆయువు. ఆవిడ ఒప్పుకున్నారు.

ఇక లేవబోతూ శతకాన్ని ఇంకొకసారి తిప్పాను. వెనక అట్ట లోపలివైపు సిరాతో నాలుగు వరుసలు ఉన్నాయి. నీటికి చెదిరి నీలిమచ్చలయ్యాయి గాని చదవ వీలుగానే ఉన్నాయి. అవి ఆవిడ మామగారి పిల్లల పుట్టుకలు. సంవత్సరం, మాసం, తిథి, నక్షత్రం. మూడోది మన్మథ నామ సంవత్సరం, శ్రావణం, ఆడశిశువు. అంటే 1955. ఆ వరుసకు ఎదురుగా, పెన్సిలుతో, మరో రెండు మాటలు: “పింగళ, కార్తీకం.” అంతే. ఆ పెన్సిలు గీత ఎక్కడా చెదరలేదు. తడిసి ఆరిన కాగితంమీద రాసింది అది.

పింగళ అంటే 1977.

నేను చదివి వినిపించాను. ఆవిడ చాలాసేపు మాట్లాడలేదు. “మా ఆడపడుచు. సముద్రంవైపు ఊరికి ఇచ్చారు. ఉప్పెనలో పోయింది” అన్నారు చివరికి. “ఆమె పేరు మా మామగారు మళ్ళీ ఎత్తగా నేను వినలేదు. మరిచిపోయారేమో అనుకున్నాం.” కొంచెం ఆగి, “మా అత్తగారు పుస్తకాలెందుకు అంత కష్టపడి ఆరబెట్టారో ఇప్పుడు తెలిసింది. ఆవిడకు చదవడం రాదు గాని, ఆ పిల్ల పుట్టిననాడు ఏ పుస్తకంలో రాశారో గుర్తుంటుంది గదా!” అన్నారు.

ఆవిడ చెప్పింది నిజమో కాదో నేను తేల్చలేను. పాతిక పుస్తకాలూ ఆరబెట్టిన తల్లి మనసులో ఏముందో చెప్పడానికి నా దగ్గర సంవత్సరాల లెక్క లేదు.

ఫోనులో అబ్బాయి మళ్ళీ అడిగాడు: “చెప్పారు కాదు మాస్టారూ, ఏమైనా పలుకుతుందా?”

“పలికింది నాయనా” అన్నాను. “మీ అమ్మ నడిగి తెలుసుకో.”

చివరికి లెక్క ఇలా తేలింది. తాటాకు కట్ట గ్రంథాలయానికి. పంచాంగాలలో విప్పడానికి వీల్లేకుండా చెద తిన్నవి మాత్రం తక్కెడకు. సీరియల్ నవలలు నాకు, చదివి తిరిగి ఇచ్చేట్టు. శతకానికి పుట పుటా ఫోటో తీయించి, ఆ బొమ్మలు నలుగురికీ అందేట్టు చెయ్యాలని అబ్బాయి పూచీపడ్డాడు. అసలు పుస్తకం మాత్రం ఎవరికీ ఇవ్వనని ఆవిడ కొంగులో చుట్టుకున్నారు.

మీ ఇంట్లోనూ అటక ఉంటుంది. అటక లేకపోతే మంచంకింద పెట్టె ఉంటుంది. ఈ ఆదివారం దింపి చూడండి. చిరిగిన పుటకు అంటుకునే టేపు వెయ్యకండి, అది పచ్చబడి కాగితాన్ని తినేస్తుంది. పలచని గుడ్డలో చుట్టి, ఎండిన వేపాకో వసకొమ్మో పక్కన పెట్టండి. ముఖపత్రం లేదని నిరుత్సాహపడకండి. వెనక అట్ట లోపలివైపు తప్పకుండా చూడండి. చదవడం రాకపోతే వచ్చినవారిని పిలవండి.

కాలవ దగ్గరకు మాత్రం తీసుకుపోకండి. ఆ పని నేను ఒకసారి చేశాను. చాలు.