తీసేసే ముందు వినండి

ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ప్రభుత్వ ప్రధాన కార్యదర్శులకు,

కాంట్రాక్టు, ఔట్‌సోర్సింగ్ ఉద్యోగుల ప్రస్తావన వచ్చినప్పుడల్లా చర్చ రెగ్యులరైజేషన్ దగ్గరికి వెళ్లి ఆగిపోతుంది. ఈ లేఖలో దాని ఊసు లేదు. నేను అడిగేది అంతకంటే చిన్నది, అంతకంటే ముందు ఇవ్వాల్సింది. తప్పు చేశావంటూ ఒక మనిషిని ఉద్యోగంలోంచి తీసేసే ముందు ఆ తప్పేమిటో కాగితం మీద రాసివ్వండి, అతని జవాబు వినండి. గడువు తీరడం వల్లో, పథకం మూతపడడం వల్లో ఉద్యోగం పోవడం వేరే సంగతి. అక్కడ కోర్టులు కూడా పెద్దగా జోక్యం చేసుకోవు. నింద వేసి పంపడం మాత్రం శిక్షే, ఉత్తర్వులో ఏ మాట వాడినా సరే.

ఉపాధి హామీ సామాజిక తనిఖీనే చూడండి. ఉమ్మడి రాష్ట్రంలో 2006లో మొదలైన ఆ తనిఖీలు దేశానికే దారి చూపాయి, వాటి విలువ తగ్గించడం నా ఉద్దేశం కాదు. తనిఖీ బృందం మస్టర్లు, కొలతల పుస్తకాలు, కూలీలు చెప్పిన మాటలు సరిచూసి నివేదిక రాస్తుంది. మండల కేంద్రంలో ప్రజావేదిక పెట్టి పంచాయతీల వారీగా చదువుతారు. పనిలోకి రానివాళ్ల పేరు మస్టర్‌లోకి ఎక్కిందని తేలితే, దానికి బాధ్యుడు ఒక్కడే ఉండడు. హాజరు వేసింది ఫీల్డ్ అసిస్టెంట్, కొలతలు రాసింది టెక్నికల్ అసిస్టెంట్, బిల్లు ముందుకు పంపింది పైవాళ్లు. వాళ్లలో రెగ్యులర్ ఉద్యోగి ఉంటే క్రమశిక్షణ చర్యల పద్ధతి చెప్పే 1991 నాటి సీసీఏ రూల్స్ అతన్ని కాస్తాయి. ఉద్యోగం పోయేంత శిక్ష వేయాలంటే రూల్ 20 కింద అభియోగ పత్రం ఇవ్వాలి, జవాబుకు గడువివ్వాలి, విచారణాధికారి ముందు సాక్షుల్ని ప్రశ్నించనివ్వాలి. ఆపైన అప్పీలు ఉండనే ఉంది. రెగ్యులర్ కాని ఫీల్డ్ అసిస్టెంట్‌కు ఆ రక్షణ లేదు. వేదిక మీదే తొలగింపు ప్రకటించారన్న వార్తలు జిల్లా పేజీల్లో ఎన్నిసార్లు చదివామో! అన్ని పంచాయతీల నివేదికల మధ్య తన వాదన చెప్పుకోవడానికి అతనికి దొరికేది కొన్ని నిమిషాలే. మస్టర్ ఒక్కటే, ఆరోపణ ఒక్కటే. జీతం తక్కువైన వాడికే రక్షణా తక్కువ.

విచారణ లేకుండా ప్రభుత్వోద్యోగిని తొలగించరాదన్న రాజ్యాంగం 311వ అధికరణ కాంట్రాక్టు వాళ్లకు వర్తించదు కదా అన్నది శాఖల మొదటి జవాబు. అయితే ఉత్తర్వు పైకి ఎలా ఉందని కాక, దాని వెనక శిక్ష ఉందా లేదా అని చూడాలని సుప్రీంకోర్టు 1957లోనే ధింగ్రా కేసులో చెప్పింది. 2024 ఆగస్టులో మధ్యప్రదేశ్ విద్యా మిషన్‌లో కాంట్రాక్టుపై పనిచేసిన ఒక అధికారిణి కేసులోనూ అదే దారి పట్టింది. ఆరోపణలే పునాదిగా ఉన్న తొలగింపు విచారణ లేకుండా చెల్లదని తేల్చింది. ఇక ఎప్పుడైనా తీసేయవచ్చన్న షరతుకు ఉద్యోగి సంతకం పెట్టాడు కదా అంటారు. ఉద్యోగం కోసం తిరిగేవాడికి ఆ షరతు కొట్టేయమని అడిగే శక్తి ఎక్కడిది? నోటీసిచ్చి కారణం చెప్పకుండా తీసేయవచ్చని ఒక ప్రభుత్వ రంగ సంస్థ పెట్టుకున్న నిబంధనను 1986లో బ్రోజోనాథ్ గంగూలీ కేసులో కోర్టు కొట్టేసింది. అది రెగ్యులర్ ఉద్యోగుల కేసే, నిజమే. కానీ అందులోని తర్కం బలహీనుడికి ఇంకా గట్టిగా వర్తిస్తుంది. ఒప్పందం రాసుకున్నంత మాత్రాన ప్రభుత్వం సమానత్వాన్ని కోరే 14వ అధికరణ నుంచి తప్పించుకోలేదు. ఔట్‌సోర్సింగ్ వాళ్లకు యజమాని ఏజెన్సీ అన్న మాటా నిలవదు. ‘ఈ మనిషి మాకొద్దు’ అని రాసేది శాఖ. ఆంధ్రప్రదేశ్‌లోనైతే ఆప్కాస్ ఔట్‌సోర్సింగ్ వాళ్ల కోసం ప్రభుత్వం స్వయంగా పెట్టుకున్న కార్పొరేషనే.

విచారణల పేరుతో అవినీతిపరులు ఏళ్ల తరబడి కుర్చీలో కూర్చుంటారన్న భయం మాత్రం తేలిగ్గా కొట్టిపారేయదగ్గది కాదు. రెగ్యులర్ ఉద్యోగుల విచారణలు అలా సాగడం అందరం చూస్తున్నదే. అందుకే సీసీఏ రూల్స్ మొత్తం వర్తింపజేయమని అడగడం లేదు. డబ్బు, రికార్డులు చేతిలో ఉన్నవాణ్ణి విచారణ ముగిసేదాకా విధులకు దూరంగా ఉంచవచ్చు. ఆ విచారణను నెల రోజుల్లో ముగించవచ్చు. తొందరపాటుకు అయ్యే ఖర్చు కూడా లెక్కలోకి రావాలి. 2020 మార్చిలో సమ్మెకు దిగిన ఫీల్డ్ అసిస్టెంట్లను, 7 వేల మందికి పైగా, తెలంగాణ ప్రభుత్వం ఒక్కసారిగా తప్పించింది. 2022 ఆగస్టులో అదే ప్రభుత్వం మళ్లీ తీసుకుంది. అప్పుడే ఒక్కొక్కరినీ విని ఉంటే ఆ కుటుంబాలకు రెండేళ్ల జీతం మిగిలేది.

కాబట్టి ఒక్క జీవో ఇవ్వండి. ఆరోపణ, దానికి ఆధారమైన కాగితాల నకళ్లు తెలుగులో ఉద్యోగి చేతికి అందాలి. జవాబుకు 15 రోజులు ఇవ్వాలి. ఆరోపణ చేసిన అధికారి కాక మరొకరు వినాలి. ఉత్తర్వులో కారణాలు రాయాలి, కలెక్టర్ దగ్గర ఒక అప్పీలుండాలి. ఇందుకు కొత్త చట్టం అక్కర్లేదు, కొత్త పోస్టులూ అక్కర్లేదు. జీవో సిద్ధమయ్యే లోపు, జవాబు వినకుండా ఆరోపణల మీద ఎవరినీ తొలగించవద్దని శాఖాధిపతులకు, కలెక్టర్లకు ఒక మెమో పంపండి. ఆ పని ఈ వారమే చేయవచ్చు.