గృహవైద్యము: విరేచనములను గట్టు మాత్ర



మాదాపూరు, గచ్చిబౌలి ప్రాంతములయందు కంప్యూటరు కొలువులు చేయు స్త్రీల చేతిసంచులలో తలనొప్పి మాత్రతోపాటు లోపెరమైడ్ మాత్రయు నుండుట మేమెరుగుదుము. హాస్టలు భోజనము, వీధి తినుబండారములు, గంటసేపు కదలని ప్రయాణము గలచోట దానిని దగ్గర నుంచుకొనుట తప్పుగాదు. అయితే అది యేమి చేయునో, యేమి చేయదో తెలిసి వాడవలెను.

ఇది నల్లమందు జాతికి జెందిన మందు. తగిన మోతాదులో మత్తు గలిగింపదు గాని, నల్లమందువలెనే ప్రేగుల కదలికను మందగింపజేయును. నీరు ఇంకుటకు వ్యవధి దొరకి విరేచనములు తగ్గును. అంతియే. రోగక్రిములను అది చంపదు. దేహమునుండి పోయిన నీటిని, ఉప్పును తిరిగి యీయదు. పెద్దలు 2 మిల్లీగ్రాముల మాత్రలు మొదట రెండు, పిదప నీళ్లవిరేచనమైనప్పుడెల్ల ఒకటి చొప్పున వేసికొందురు. వైద్యుని యడుగక దినమునకు నాలుగు మించరాదు, రెండు దినములు దాటరాదు. మితిమీరినచో గుండె లయ తప్పును. జ్వరముగాని, రక్తముగాని కనిపించినప్పుడు ఆ మాత్రను ముట్టక వైద్యుని జూడవలెను.

పసిబిడ్డలకు దీనిని అరగదీసి యిచ్చు తల్లులు కలరు. వలదు! 1990లో పాకిస్థానమున ఈ మందు చుక్కలు వేయబడిన శిశువులు ప్రేగులు స్తంభించి మరణింపగా, ఆ చుక్కలమందును ఉపసంహరించిరి.

బిడ్డను కాపాడునది ఓ.ఆర్.ఎస్. 1971లో బంగ్లాదేశపు శరణార్థులు కలరాతో రాలిపోవుచుండగా, బనగాఁవ్ శిబిరమున డాక్టరు దిలీప్ మహలనబీస్ ఉప్పు, గ్లూకోజు కలిపిన నీటిని త్రాగించి వేలమందిని బ్రతికించెను. పెద్ద పొట్లమును కాచి చల్లార్చిన ఒక లీటరు నీటిలో పూర్తిగా కలుపవలెను. సగము పొట్లము, గ్లాసెడు నీరు అను లెక్క పనికిరాదు. పొట్లము లేనిచో లీటరు నీటికి ఆరు చెంచాల పంచదార, అరచెంచా ఉప్పు, తలగొట్టి. ఉప్పు వేసిన గంజి, మజ్జిగయు మంచివే. చనుబాలు మానరాదు. వైద్యుడు చెప్పిన మోతాదున జింకు 10 మొదలు 14 దినములు ఈయవలెను.

దుకాణమున ఆ పేరుతోనే తియ్యని పానీయములు అమ్ముచుండిరి. అధిక శర్కర విరేచనములను పెంచును. మన హైదరాబాదు శిశువైద్యురాలు డాక్టరు శివరంజని సంతోష్ ఏండ్ల తరబడి పోరాడగా, 2025 అక్టోబరులో ఆహార భద్రతా సంస్థ వారు ఆ పానీయములపై ఓ.ఆర్.ఎస్. అను పేరు వాడరాదనిరి. ఆమెకు మన తల్లులెల్లరు ఋణపడి యున్నారు.

మరియొక మాట. ఒకే వీధిలో పలువురికి ఒక్కమారు వాంతులు, విరేచనములు పట్టుకొన్నచో, తప్పు తిండిది గాక నీటిది కావచ్చును. 2022 ఏప్రిలులో మాదాపూరు వడ్డెర బస్తీలో, అద్దాల మేడలకు కూతవేటు దూరమున, అనేకులు ఇట్లే ఆసుపత్రి పాలైరి. కుళాయి నీరే కారణమని నివాసులు వాపోయిరి. అట్టిచో ఎవరికి వారు మాత్ర మ్రింగి ఊరకున్న యెడల సంగతి బయటపడదు. పొరుగిండ్ల నడుగుడు, నీటిని కాచుడు, జలమండలి వారికి 155313 నంబరున ఆనాడే తెలుపుడు.