దర్వాజా ముందు కారు, చలానా ఎవరికి?

మా మామూకు పత్తర్‌గట్టీ వెనక గల్లీలో షేర్వానీలు కుట్టే చిన్న సొంత దుకాణం ఉంది. రంజాన్ పోయి షవ్వాల్ రాగానే షాదీలు మొదలవుతాయి. ఏడాది రోజీలో పెద్ద భాగం ఆ కొద్ది వారాల్లోనే వస్తుంది. సరిగ్గా అప్పుడే గల్లీ మొదట్లో ఉన్న ఫంక్షన్ హాల్లో రోజూ దావత్. హాలుకు పార్కింగ్ లేదు. మెహమాన్ల కార్లన్నీ మామూ షట్టర్ ముందే ఆగుతాయి.

మొన్న ఒక దూల్హా తల్లి ఆటో దిగింది. మోకాళ్ల నొప్పుల మనిషి. రెండు కార్ల మధ్య సందులోంచి రాలేక, అదే ఆటోలో వెళ్లిపోయింది. షేర్వానీ వేరేచోట కుట్టించుకున్నారు. మామూ వెళ్లి అడిగితే హాలు మేనేజర్ "పాంచ్ మినట్ చాచా" అన్నాడు. ఆ పాంచ్ మినట్ రాత్రి పదకొండు దాకా సాగింది. 100కు ఫోన్ చేస్తే పోలీసు వచ్చాడు, ఫోటో తీశాడు, చలానా వేసి వెళ్లాడు. కారు మాత్రం కదల్లేదు.

"పాత బస్తీ అంటే ఇంతే భాయ్, సబర్ కరో" అంటారు దోస్తులు. నా కోపం ఆ మాట మీదే. ఇది సబర్ సవాల్ కాదు, హక్ సవాల్.

కానూన్ లేదా అంటే, ఉంది. దర్వాజాకు అడ్డంగా బండి నిలపకూడదని 1989 నాటి రోడ్డు నియమాల్లోనే రాశారు. నిషేధం ఉన్నచోట నిలిపిన బండిని యూనిఫాంలో ఉన్న పోలీసు లాగించెయ్యొచ్చని మోటారు వాహనాల చట్టం 127వ సెక్షన్ చెబుతుంది. దారికి అడ్డం పెట్టినవాడికి పాత ఐపీసీలో జుర్మానా 200 రూపాయల లోపే. 2024 జులై 1 నుంచి అమలైన భారతీయ న్యాయ సంహిత 285వ సెక్షన్ దాన్ని 5,000 దాకా పెంచింది.

మరి లోపం ఎక్కడ? నిశానాలో. చలానా ఒక పూటకు వచ్చిన మెహమాన్‌కు పడుతుంది. అతనికి అది పార్కింగ్ ఫీజు లెక్క. రేపు ఇంకో కారు, ఇంకో నంబరు. పార్కింగ్ లేకుండా రోజూ హాలు కిరాయికిచ్చి మునాఫా తీసుకునేవాడికి మాత్రం ఏమీ అంటదు.

రోడ్డును ఆనుకున్న స్థలం యజమానికి ఆ రోడ్డు మీదికి రాకపోకల హక్కు ఉందని అదాలతులు ఎప్పుడో ఒప్పుకున్నాయి. కానీ రోజుకో కారు మారుతుంటే వకీల్ దావా ఎవరి మీద వేస్తాడు? మారనిది హాలొక్కటే. అందుకే దాని మీదే వెయ్యాలి. సివిల్ ప్రొసీజర్ కోడ్ 91వ సెక్షన్ కింద ఇద్దరు కలిస్తే చాలు, కోర్టు ఇజాజత్‌తో దావా వెయ్యొచ్చు. తమకు ప్రత్యేకంగా నుక్సాన్ జరిగిందని చూపనక్కర్లేదు. దావాకు పైసలు లేకపోతే నాగరిక్ సురక్షా సంహిత 152వ సెక్షన్ కింద ఎగ్జిక్యూటివ్ మెజిస్ట్రేటుకు దర్ఖాస్తు పెట్టొచ్చు.

ఒక్క షరతు. ముందు మన చేతులు సాఫ్‌గా ఉండాలి. మామూ తన రెండు బొమ్మల్ని ఫుట్‌పాత్ మీద నిలబెడతాడు. అవి లోపలికి పోవాలి. నేనూ తక్కువేం కాదు. జుమా రోజు ఆలస్యమై, మందుల దుకాణం మెట్లకు అడ్డంగా బైకు పెట్టి నమాజుకు పరుగెత్తినవాణ్నే. అల్లాహ్ హక్ అదా చెయ్యడానికి వెళ్తూ బందా హక్ తొక్కేశాను. దాన్ని ఇబాదత్ అనలేను.

దర్ఖాస్తు నేనే రాస్తున్నాను. అడిగేవి రెండే. ఆగిన కార్లను లాగించండి. పార్కింగ్ చూపించేదాకా హాల్లో దావతులు ఆపించండి. సొంత దుకాణం దర్వాజా దాకా గిరాకీ రావడానికి మామూ ఎవరి ఇజాజత్ అడగాలి? జగా చూపించాల్సింది హాలు మాలిక్. గల్లీ అతని జాగీరు కాదు.