పాస్టరుగారి కుమారుడు వ్రాసిన కథ



మన పిల్లలు సిలువను ఎవరిని చూచి నేర్చుకొంటున్నారు? ఒక ఫ్రెంచి సినిమా రచయిత కథ మనలను ఈ ప్రశ్న అడుగుతుంది.

అతని పేరు పియేర్ బోస్త్. 1901లో దక్షిణ ఫ్రాన్సు కొండ ప్రాంతమైన సెవెన్‌లో, లాసాల్ అనే ఊరిలో పుట్టాడు. తండ్రి షార్ల్ బోస్త్ ప్రొటెస్టెంటు పాస్టరు. 1685 తరువాత రాజు పెట్టిన హింసలను సహించి, ఆ కొండలలో విశ్వాసమును కాపాడుకొన్నవారి చరిత్రను ఆయన వ్రాశారు.

పియేర్ మొదట నవలలు వ్రాశాడు. తరువాత జాన్ ఓరాంష్‌తో కలిసి సినిమాలకు రచన చేశాడు. కథను అమర్చడం ఎక్కువగా ఓరాంష్ పని, సంభాషణలు బోస్త్ పని. వీరు పేరున్న నవలలను తెరకు తగినట్లు మలచేవారు.

వీరిద్దరు, దర్శకుడు రెనె క్లెమాన్‌తో కలిసి వ్రాసిన ‘నిషిద్ధ క్రీడలు’ 1952లో వచ్చింది. వెనిస్ ఉత్సవంలో ఉన్నత బహుమతి పొందింది.

అది 1940, యుద్ధకాలము. విమానాల కాల్పులలో ఐదేండ్ల పొలెత్ తల్లిదండ్రులను, కుక్కపిల్లను పోగొట్టుకొంటుంది. ఒక రైతు కుటుంబం ఆమెను చేరదీస్తుంది. ఆ ఇంటి పిల్లవాడు మిషెల్ ఆమెకు ప్రార్థనలు నేర్పుతాడు. ఇద్దరూ కుక్కపిల్లను పాతిపెడతారు. తరువాత ఇతర జంతువులకూ సమాధులు కట్టి, వాటికోసం శ్మశానం నుండి సిలువలు దొంగిలిస్తారు. పెద్దలేమో ఆ సిలువలు పొరుగువారే తీశారని అనుకొని, సమాధుల మధ్యనే కొట్టుకొంటారు! చివరకు, సిలువలు ఎక్కడున్నవో చెబితే పొలెత్‌ను ఉండనిస్తానని తండ్రి మాట ఇస్తాడు. మిషెల్ చెబుతాడు. తండ్రి మాట తప్పుతాడు. పిల్లవాడు ఏడుస్తూ ఆ సిలువలన్నీ ఏటిలో పారవేస్తాడు.

1954లో విమర్శకుడు ఫ్రాన్స్వా త్రూఫో, ఈ జంట రచనలు మతమును కించపరుస్తాయని గట్టిగా వ్రాశాడు. ఆ మాటను త్రోసివేయనక్కరలేదు. కాని ఈ కథలో సిలువకు అవమానం తెచ్చినది ఆ పసివారా? ప్రార్థనలు నోటికి వచ్చియుండీ పొరుగువానితో పగ పెంచుకొన్న పెద్దలా? ఇచ్చిన మాట తప్పిన తండ్రియా?

బోస్త్ 1975లో మరణించాడు. అతని కథ అడిగే ప్రశ్న మాత్రం మన గుమ్మం దగ్గరే ఉంది. మన ఇంటి గోడమీద సిలువ ఉండవచ్చు. గట్టు తగాదా వచ్చిన రోజున, బిడ్డకు ఇచ్చిన మాట నిలుపుకొనవలసిన రోజున, ఆ సిలువ మన నడతలో కనబడుతున్నదా? ఈ రాత్రి కుటుంబ ప్రార్థనకు ముందు, పిల్లలకిచ్చిన మాటలలో ఏది మిగిలిపోయిందో జ్ఞాపకం చేసుకొందము. ప్రభువు మనకు సహాయము చేయును గాక.