శారద లేఖలు - మన బాలికల లేఖలు

మన యిండ్లలో ఒక మాట తరచుగా వినబడుచుండును: “ఆడపిల్లకు తెలుగు వ్రాయుట యెందులకు? ఇంట మాటాడుకొన్న చాలదా?” అంగడిలో ఒక భాష, కచేరీలో ఒక భాష, ఉద్యోగమునకు వేరొక భాష కావలసిన ప్రాంతమున నివసించు తల్లిదండ్రులకు ఈ సందేహము కలుగుట సహజమే. దీనికి సమాధానముగా వాదములు పెంచుటకంటె ఒక స్త్రీ జీవితమును స్మరించుట మేలని తోచుచున్నది. ఆమె శ్రీమతి కనుపర్తి వరలక్ష్మమ్మగారు.

ఆమె 1896లో బాపట్లలో జన్మించిరి. 1909లో, చిన్నతనముననే, వివాహమయ్యెను. పెద్ద చదువులకు అవకాశము లేకపోయెను. అయినను ఆమె కలము విడువలేదు. ‘లీలావతి’ అను పేరుతో ఆంధ్రపత్రికలో ‘మా చెట్టు నీడ ముచ్చట్లు’ అను శీర్షికను నడపిరి. 1928లో గృహలక్ష్మి మాసపత్రిక వెలువడినపుడు అందు ‘శారద లేఖలు’ వ్రాయ నారంభించిరి. శారద అను స్త్రీ తన చెలికత్తెయైన కల్పలతకు వ్రాయు ఉత్తరములే ఆ లేఖలు.

ఇచట మనవంటివారు గమనింపదగిన విషయమొకటి కలదు. కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారు ఆంధ్రపత్రికను 1908లో వారపత్రికగా స్థాపించినది బొంబాయిలో. 1914లో అది దినపత్రికయై వెలువడినది మద్రాసులో. డాక్టరు కేసరిగారి గృహలక్ష్మియు మద్రాసునుండియే వెలువడెను. ఆ రెండు నగరములును నేడు తెలుగు రాష్ట్రముల వెలుపల నున్నవి. బాపట్లలోని గృహిణి పలుకు తెలుగు లోగిళ్ళకు చేరినది ఆ నగరముల పత్రికల మూలముననే. కావున తెలుగునాటికి దూరముగా నున్నవారు తెలుగునకు చేయగలిగినది స్వల్పమని యెవ్వరును అనరాదు.

ఆమె ఉపన్యాసమును విడిచి ఉత్తరమునే యేల యెన్నుకొనిరి? ఉపన్యాసమునకు సభ కావలెను. ఆనాడు స్త్రీలలో పెక్కండ్రకు సభకు పోవు వీలు లేదు. ఉత్తరము వారున్న చోటికే వచ్చును. వంట ముగించుకొని, పిల్లలను నిద్రబుచ్చి, తీరికగా చదువుకొనవచ్చును. అంతకంటె ముఖ్యమైనది మరియొకటి: ఉత్తరమునకు జవాబు వ్రాయవచ్చును. స్నేహితురాలు చెప్పిన మాటను కాదనుటకు భయపడ నక్కరలేదు. కుశలప్రశ్నల నడుమనే స్త్రీవిద్య, ఖద్దరు, విడాకుల హక్కువంటి గంభీర విషయములను ఆమె ఇంటింటి ముచ్చటగా మార్చిరి.

1929లో బాల్యవివాహ నిరోధక చట్టము వచ్చెను. దానిని ప్రతిపాదించిన హరబిలాస్ శారదాగారి పేరిట అది శారదా చట్టమని ప్రసిద్ధమయ్యెను. బాలికకు 14 ఏండ్లు, బాలునకు 18 ఏండ్లు నిండకుండ పెండ్లి చేయరాదని అది శాసించెను. ఆచారమునకు విరోధమని దానిని నిందించినవారు అనేకులు. అట్టి కాలమున బాల్యముననే పెండ్లియైన స్త్రీ ఆ చట్టమును గూర్చి తోడి స్త్రీలతో పత్రికాముఖమున మాటాడుట సామాన్యమైన సాహసము కాదు. శాసనసభలో పుట్టిన చట్టము ఇల్లాండ్రకు తెలిసిన భాషలో వారి యెదుటికి రాకున్న, దానివలన వారికి కలుగు మేలెంత?

ఆమె వ్రాతతోనే తృప్తిపడలేదు. 1931లో బాపట్లలో స్త్రీహితైషిణీ మండలిని స్థాపించిరి. 1934లో గృహలక్ష్మి స్వర్ణకంకణమును మొట్టమొదట అందుకొన్నది ఆమెయే. 1978లో ఆమె కన్నుమూసిరి. ఆ సంవత్సరముననే చట్టము సవరింపబడి బాలికల వివాహ వయస్సు 18 ఏండ్లయ్యెను. ఆమె అభిప్రాయములన్నిటిని నేటివారు అంగీకరింపవలెనని నేననను. గృహధర్మమును గూర్చిన కొన్ని పలుకులు నేడు పాతవిగా తోచవచ్చును. అట్లు తోచినచో శారదకు జవాబు వ్రాయుడు. అదియే ఆమెకు తగిన గౌరవము.

ఇక మన సంగతి. చట్టమున్నంత మాత్రమున పని ముగియలేదు. పదవ తరగతి ముగియగనే బడి మానిపించు ఇండ్లు ఇంకను ఉన్నవి. పై చదువు పొరుగూరిలో నున్నదనియు, బస్సు సమయమునకు రాదనియు, మంచి సంబంధము వచ్చినదనియు చెప్పు కారణములు పలువిధములు. ఈ నిర్ణయములన్నియు ఇంటిలో తెలుగుననే జరుగుచున్నవి. మరి వానికి బాలిక చెప్పవలసిన జవాబు ఏ భాషలో నుండవలెను? తండ్రికి, తాతకు, అమ్మమ్మకు తెలిసిన భాషలోనే గదా! ఆ భాషలో తన మాటను ఒక క్రమముగా, మర్యాదగా, హేతువులతో చెప్పుట ఆమెకు రాకున్న, ఆమె మౌనమును అంగీకారమని పెద్దలు తలంతురు.

రాష్ట్రభాషను, ఇంగ్లీషును శ్రద్ధతో నేర్వవలసినదే. అవి లేనిదే జీవనము సాగదు. కాని అవి నేర్చుటకై తెలుగు వ్రాతను మానుట, క్రొత్త తలుపు తెరచుటకై ఉన్న తలుపును మూయుటయే యగును.

కావున నా మనవి యిది. మన పాఠశాల పత్రికలో ప్రతి సంచికయందును ఒక పుటను లేఖలకై కేటాయింపవలెను. బాలికలు తమ చదువును గూర్చి, తమ వీధిని గూర్చి, తమకు అన్యాయమని తోచినదానిని గూర్చి స్నేహితురాలికి వ్రాసినట్లు వ్రాయవలెను. బాలురు వానిని చదివి జవాబు వ్రాయవలెను. వ్రాయ నేరని తల్లులు చెప్పుచుండగా పిల్లలు వ్రాసిపెట్టవలెను. తల్లిదండ్రులు ఆ పుటను ముందుగా చదువవలెను.

కల్పలత యెచటనో లేదు. మీ ప్రక్క బల్లపై కూర్చున్న బాలికయే కల్పలత. ఆమెకు ఒక ఉత్తరము వ్రాయుడు.