కూలీ చెయ్యి ఖరీదెంత?

ట్రాక్టరు బోల్తా పడితే చచ్చినోళ్ళ పేర్లు పేపర్లో వస్తాయి. మంత్రులొస్తారు, దండలు పడతాయి. 2018 ఏప్రిల్‌లో నల్గొండ జిల్లా వద్దిపట్ల దగ్గర ట్రాక్టరు కాలువలో పడి 9 మంది ఆడకూలీలు పోయారు. అదే ఏడు జూన్‌లో యాదాద్రి భువనగిరి జిల్లా వేములకొండ దగ్గర 15 మంది పోయారు. ఆ కన్నీళ్ళు ఇంకా ఆరలేదు. ఇలాంటి ప్రమాదాల్లో చావకుండా మిగిలేవాళ్ళూ ఉంటారు. నడుం విరిగినోళ్ళు, చెయ్యి తీసేసినోళ్ళు, కాలీడ్చుకుంటూ తిరిగేవాళ్ళు. వారం తిరక్కుండానే ఊరు వాళ్ళను మర్చిపోతుంది. మంచాన పడ్డ మనిషికి గంజి పోసేది మాత్రం మన వాడే. మేం మాట్లాడదలచింది వాళ్ళ గురించి.

కోర్టు నష్టపరిహారం ఎట్లా కడుతుంది? మనిషి సంపాదనెంత, వయసెంత, పనిచేసే శక్తి ఎంత పోయింది అని చూస్తుంది. పైకి ఇది కులం లేని లెక్కే. కానీ ఉద్యోగికి జీతం చీటీ ఉంది. కూలీకేముంది? మేస్త్రి నోటిమాట. మనకు భూమి లేకుండా చేసిందెవరు? చదువు లేకుండా చేసిందెవరు? తరాల తరబడి మన కష్టాన్ని కాగితమెక్కనివ్వని ఈ సమాజమే ఇవాళ మనల్ని కాగితం చూపించమంటోంది.

ఒక లెక్క వేద్దాం. 32 ఏళ్ళ కూలీకి ఎడమచెయ్యి పోయిందనుకుందాం. డాక్టర్లు 60 శాతం వైకల్యం అని రాశారు. ఆ వయసుకి 16 ఏళ్ళ సంపాదన కట్టాలని 2009లో సుప్రీంకోర్టు పట్టిక ఖాయం చేసింది. నెలకు 6,000 సంపాదన, 60 శాతం నష్టం అని రాస్తే వచ్చేది 6,91,200 రూపాయలు. నెలకు 9,000 సంపాదన, నూటికి నూరు నష్టం అని రాస్తే 17,28,000. అదే మనిషి, అదే చెయ్యి. తేడా పది లక్షల పైమాటే!

ఈ రెండు మాటల మీదా మనం పట్టుబట్టొచ్చు. డాక్టరు రాసిన శాతమే సంపాదన నష్టం కాదని 2010లో సుప్రీంకోర్టు చెప్పింది. చెయ్యి పోయినా గుమాస్తా కొలువు నిలబడొచ్చు, డ్రైవరుకో వడ్రంగికో బతుకుదెరువంతా పోవచ్చు అని ఆ తీర్పులోనే ఉంది. మరి నాట్లేసే చెయ్యి, మట్టి తవ్వే చెయ్యి సంగతేంది? 2011లో మరో కేసులో ఒక బెంగుళూరు కూలీ నెలకు 4,500 వస్తాయంటే కింది కోర్టు 3,000కి కోసింది. కూలీ దగ్గర కాగితాలుంటాయని ఎట్లా అనుకుంటామంటూ సుప్రీంకోర్టు 4,500 ఒప్పుకుంది. ఇంటి పని చేసే ఆడమనిషి కష్టానికీ విలువ కట్టాలని 2021లో చెప్పింది. ఈ తీర్పులు మన వాడల దాకా రాలేదు. తెచ్చే పని మనదే.

ఇక ట్రాక్టరు సంగతి. సరుకుల బండిలో ఊరికే ఎక్కిన మనుషులకు బీమా కంపెనీ బాధ్యత లేదని 2003లో సుప్రీంకోర్టు అంది. బండి యజమాని సరుకు ఎత్తి దించే పనిమీద వచ్చిన కూలీకి చట్టంలో చోటుంది. ఆసామి ఎక్కించుకుని కలుపుకి తీసుకుపోయే కూలీకి లేదు! కొన్ని కేసుల్లో ముందు కంపెనీని కట్టమని, తర్వాత యజమాని దగ్గర రాబట్టుకోమని కోర్టులన్నాయి. అది జడ్జి దయ మీద ఉంది. మాకు కావాల్సింది హక్కు. కూలీలు ట్రాక్టరు సరదాకి ఎక్కరు. బస్సు రాని చేలకు పోవాలి గనక ఎక్కుతారు. పనికి తీసుకుపోయే బండికి కూలీల బీమా తప్పనిసరి చెయ్యాలని మేం డిమాండ్ చేస్తున్నాం.

1994లో ఎత్తేసిన గడువును కూడా మళ్ళీ తెచ్చారు. 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకొచ్చిన సవరణ ప్రకారం ప్రమాదం జరిగిన 6 నెలల్లోపు దరఖాస్తు వెయ్యాలి. మంచం దిగలేని మనిషి కోర్టు మెట్లెలా ఎక్కుతాడు? దీన్ని సుప్రీంకోర్టులో సవాలు చేశారు. అయినా ఆ భరోసాతో కూర్చోవద్దు.

సంఘం బాధ్యులారా, ప్రమాదం జరిగిన రోజే కదలండి. ఎఫ్‌ఐఆర్ కాపీ, ఆస్పత్రిలో గాయాల సర్టిఫికెట్, మందుల బిల్లులు దాచండి. ఉపాధి పని మస్టర్లలో పేరుంటే, కూలి డబ్బు పడ్డ బ్యాంకు పుస్తకముంటే అవే సాక్ష్యం. మనం కాపురముండే చోటి ట్రిబ్యునల్లోనే కేసు వెయ్యొచ్చు. ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత వకీలునివ్వాలని 1987 నాటి న్యాయ సేవల చట్టం చెబుతోంది. గెలిచిన డబ్బులో వాటా అడగడం వకీళ్ళ నియమాల్లోనే నిషిద్ధం. అన్నిటికన్నా ముఖ్యం, పెద్దమనుషుల రాజీకి లొంగొద్దు. పదివేలు చేతిలో పెట్టి తెల్లకాగితం మీద వేలిముద్ర అడుగుతారు. ఆ వేలు కూడా మన కష్టం చేసే చేతిదే. ఖరీదు తెలియకుండా దాన్ని అప్పగించొద్దు.

జై భీమ్!