కెమెరా ఏ ఎత్తున పెట్టాలి?

ప్రకృతి చిత్రాలు తీసేవాళ్ళంటే మనకు గుర్తొచ్చేది పెద్ద లెన్సు, జీపు, అడవిలో నెలల తరబడి కాపు కాయగల తీరిక. ఇంట్లో పొయ్యి ఎవరు వెలిగిస్తారన్న ప్రశ్న ఆ బొమ్మలో వుండదు. అందుకే 2023లో కార్తికి గొన్సాల్వెస్ తీసిన ఏనుగుల చిత్రానికి ఆస్కార్ వచ్చినప్పుడు సంతోషించాం. అయితే అంతకు చాలా ముందే జహీరాబాద్ ప్రాంతంలో, చదువుకునే అవకాశం దొరకని దళిత కూలి స్త్రీలు కెమెరా పట్టుకుని చెలకనూ, విత్తనాన్నీ చిత్రించారన్నది ఎంతమందికి తెలుసు?

హుమ్నాపూర్ లక్ష్మమ్మ వాళ్ళలో ఒకరు. 1983లో మొదలైన డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ మహిళా సంఘాల నుంచి వచ్చినవాళ్ళు వీరంతా. దూరదర్శన్‌లో పనిచేసి వచ్చిన పి.వి. సతీష్ (2023లో మరణించారు) ఆ సంస్థ వ్యవస్థాపకుల్లో ఒకరు. షాట్లకు వున్న ఇంగ్లీషు పేర్లతో ఈ స్త్రీలకు పనిలేకపోయింది. పైనుంచి కిందికి చూస్తే అది 'పటేల్ షాట్', పటేల్ మమ్మల్ని చూసేది అట్లనే కనుక. కిందినుంచి పైకి చూసేది దొర ముందు నిలబడ్డ జీతగాని చూపు. కంటికి కన్ను ఎదురుగా వుంటే 'సంఘం షాట్', ఎందుకంటే సంఘంలో అందరూ ఒక్క ఎత్తునే కూర్చుంటారు. సినిమా బడిలో ఏళ్ళు చదివినా ఇంత తేటగా బోధపడదేమో!

వాళ్ళ కళ్ళతో చూస్తే ప్రకృతి అర్థమే మారుతుంది. వ్యవసాయ పుస్తకాల్లో కలుపుగా కనిపించే జొన్నచెంచలి, తుమ్మి, దొగ్గలి వాళ్ళకి కూరలు. కలుపుమందు కొడితే పోయేది పేదింటి కూర. 2002లో బిటి పత్తికి అనుమతి వచ్చాక వీళ్ళు వరంగల్ జిల్లా పొలాలకు మళ్ళీ మళ్ళీ వెళ్ళి, కంపెనీ ప్రచారానికి ఎదురుగా రైతుల మాటను నిలబెట్టారు. 2006లో అదే జిల్లాలో బిటి పత్తి చేలల్లో మేసిన గొర్రెలు చస్తున్నాయని కాపరులు మొరపెట్టుకున్నారు. మహిళా పశువైద్యులు మొదలుపెట్టిన 'అంత్ర' ఆ ఊళ్ళకు వెళ్ళి వివరాలు సేకరించింది. ప్రభుత్వం మాత్రం పత్తికీ చావులకూ సంబంధం లేదంది. ఎవరిది సాక్ష్యం, ఎవరిది వట్టి మాట అన్నది తేల్చే అధికారం ఎప్పుడూ కాపరుల చేతిలో లేదు.

గంభీరావుపేట మండలం సంగతే చూద్దాం. 2025 ఆగస్టు వరదలో నర్మాల దగ్గర మానేరులో చిక్కుకున్న రైతులను హెలికాప్టర్‌తో బయటికి తెచ్చారు. టీవీలన్నీ చూపించాయి. పైనుంచి, దూరంనుంచి. వాగు ఎప్పుడు ఎట్లా పొంగుతుందో, గొడ్లను ఏ దారిన మళ్ళించాలో ఆ ఊళ్ళల్లో గడ్డి కోసుకొచ్చే, బర్లు పిండే ఆడవాళ్ళను అడిగిందెవరు?

ఇప్పుడు ఫోన్ వుంటే చాలు, చిత్రం తీయొచ్చు. కొరత వస్తువుది కాదు, తీరికది, హక్కుది. బీడీలు చుడితేగాని పూట గడవని స్త్రీని శిక్షణకు పిలిచి, ఆ రోజు కూలి ఇవ్వకపోతే ఎట్లా వస్తుంది? మూడు రోజుల శిక్షణ, చివర గ్రూపు ఫోటో, ఆమె తీసిన చిత్రమేమో సంస్థ నివేదికలో పేరు లేకుండా. ఈ పద్ధతి మన సంస్థల్లోనూ వుంది. వచ్చే ఏడాది ప్రణాళికలు రాసుకుంటున్నవాళ్ళు కూలి డబ్బులకు ఒక పద్దు, చిత్రం ఎవరి సొత్తో స్పష్టంగా చెప్పే ఒక కాగితం ముందే రాసి పెట్టుకోవాలి. ఆ కాగితాన్ని సంఘంలో చదివి వినిపించాకే కెమెరా బయటికి తీయాలి.